‘నీళ్ళు మంచిగున్నయా’ అని అడిగిన కాక

పోయిన నెలలో ఒక పొద్దున బొల్లారం వెళ్ళే షేర్ ఆటోలో నలుగురి మధ్య ఇరుక్కుని ఉండగా ఫోన్ మోగింది. కాక కొడుకు. "అక్కా, నాయిన పోయిండు," అన్నాడు. వెనక నుంచి ఆడవాళ్ళ ఏడుపు వినిపిస్తోంది. "కరెంటు ఉండెనా?" అని అడిగాను. అడగాల్సిన మాటేనా అది! అతనికి మాత్రం అర్థమైంది. "ఉండె అక్కా. మిషిన్ నడుస్తనే ఉండె. నాయినే ఆగిండు," అన్నాడు.

చివరి ఏడాదిన్నర కాక ముక్కుకు గొట్టం పెట్టుకుని, మంచం పక్కన గుర్రుమనే ఆక్సిజన్ మిషన్‌తో బతికాడు. అది కరెంటు మీద నడుస్తుంది. జిన్నారం అవతల వాళ్ళ ఊళ్ళో గాలివాన వచ్చిందంటే కరెంటు పోతుంది. అప్పుడు చిన్న సిలిండర్ తగిలించి, కరెంటు వచ్చేదాకా ఇంటిల్లిపాదీ ఫ్యాన్ వంక చూస్తూ కూర్చునేవాళ్ళు. ఒకసారి నేను ఉన్నప్పుడే పోయింది. కాక ఆయాసపడుతూనే నవ్వాడు. "ఇన్నేండ్లు గంత కరెంటు జేసిన. జెరంత నాకు దాసిపెట్టకపోతిరి," అన్నాడు.

నిజంగానే ఆయన కరెంటు చేసిన మనిషి. బొల్లారం వైపు ఒక పెద్ద ఫ్యాక్టరీకి సొంతంగా బొగ్గుతో నడిచే పవర్ హౌస్ ఉండేది. ఫ్యాక్టరీ పేరు చెప్పను. గేటు ఇంకా ఉంది, గేటు వెనక మనుషులూ ఉన్నారు. అక్కడ కాక బాయిలర్ ఆపరేటర్. నేను నీళ్ళు పరీక్ష చేసేదాన్ని. ఆయన నాకు చుట్టం కాదు. పవర్ హౌస్‌లో స్వీపరమ్మ నుంచి ఇంజినీర్ల దాకా అందరూ కాక అనేవాళ్ళు, నేనూ అన్నాను. ఆయన నన్ను బిడ్డా అనేవాడు.

ఆయన గురించి ఆ ఫ్యాక్టరీ వాళ్ళ నోళ్ళలో ఇప్పటికీ ఒక మాట ఉంది. నీళ్ళు చూసుకోక బాయిలర్ కాల్చిన మనిషి అని. ఆ మాట అబద్ధం. మొన్నటిదాకా అది అబద్ధమని తెలిసినవాళ్ళం ఇద్దరమే. ఒకరు పోయారు. రెండో మనిషిని నేను. ఈ నాలుగు మాటలు రాయడానికి కారణం అదే. ఆయనను పొగడడానికైతే నాకంటే మంచివాళ్ళు చాలామంది ఉన్నారు.

కాకకు ఊళ్ళో వాగు పక్కన రెండెకరాల పొలం ఉండేది. చుట్టూ ఫ్యాక్టరీలు వచ్చాక వాగు ఒకరోజు పసుపుగా, ఒకరోజు ఎర్రగా పారడం మొదలైంది. వరి ఈనకుండానే ఎండింది. అప్పుడు ఒక మందుల ఫ్యాక్టరీలో పారతో బాయిలర్‌లోకి బొగ్గు ఎగదోసే పనికి చేరాడు. "నా పొలాన్ని తిన్నోళ్ళ దగ్గరికే బువ్వకు వోయిన," అనేవాడు, కోపం లేకుండా. బొగ్గు ఎగదోస్తూనే ఆపరేటర్ పరీక్ష రాసి, మొదట రెండో క్లాసు, తర్వాత మొదటి క్లాసు సర్టిఫికెట్ తెచ్చుకున్నాడు. దాన్ని అద్దం కట్టించి, ఇంట్లో దేవుళ్ళ పటాల వరసలోనే మేకు కొట్టి వేలాడదీశాడు. చిన్నమ్మ, అంటే కాక భార్య, పండగనాడు దానికి కూడా బొట్టు పెట్టేదట.

అవి కరెంటు కోతల రోజులు. మా ఫ్యాక్టరీలో డీజిల్ జనరేటర్ల మోతకు పక్క మనిషి మాట వినపడేది కాదంటారు. ఆ బాధ పడలేక యజమానులు సొంత పవర్ హౌస్ కట్టారు. గోదావరి వైపు గనుల నుంచి లారీల్లో బొగ్గు వచ్చేది. చిమ్నీ లేస్తున్న ఏడాదే కాక వచ్చి చేరాడు. నేను చేరేసరికి ఆయన మీసాలు సగం నెరిశాయి.

మొదటి రోజు ఇంజినీర్ నాకు గోడంత పటం చూపించి గంటసేపు చెప్పాడు. తలకెక్కలేదు. కాక టీ తాగుతూ రెండు నిమిషాల్లో చెప్పాడు. "బొగ్గు నీళ్ళను మరిగిస్తది. నీళ్ళు ఆవిరైతయి. ఆవిరి వోయి పంకను తిప్పుతది. పంక తిరిగితె కరెంటు. ఆవిరి సల్లగై మళ్ళ నీళ్ళై నీ దగ్గరికే వస్తది. గంతే. తక్కినదంత ఇంజినీర్ల జీతం." ఆయన పంక అన్నది టర్బైన్‌ని. ఇప్పుడు నా దగ్గర పని నేర్చుకోవడానికి వచ్చినవాళ్ళకు నేనూ అలాగే చెబుతున్నాను, ఇంజినీర్ పక్కన లేనప్పుడు.

కంట్రోల్ రూమ్‌లో ఏసీ ఉంది, స్క్రీన్లు ఉన్నాయి, బాయిలర్‌లో నీళ్ళు ఎంత ఉన్నాయో అంకెలు కనబడుతూనే ఉంటాయి. అయినా కాక షిఫ్టు మొదలవగానే అన్ని అంతస్తుల ఇనప మెట్లూ ఎక్కి పైకి వెళ్ళేవాడు. అక్కడ బాయిలర్ డ్రమ్ముకు పక్కన ఒక గాజు గొట్టం ఉంటుంది. లోపలి నీటిమట్టం అందులో కంటికి కనబడుతుంది. కింద ఉన్న చిన్న కుళాయి తిప్పి ఆ గాజులో నీళ్ళన్నీ బుస్సుమని వదిలేసి, మళ్ళీ కట్టి, నీళ్ళు వెనక్కి వచ్చి నిలబడేదాకా కళ్ళార్పకుండా చూసేవాడు. మోకాళ్ళ నొప్పులు మొదలయ్యాక కూడా మానలేదు. కుర్ర ఆపరేటర్లు ఎగతాళి చేస్తే, "స్క్రీన్ల ఉన్నది వార్త. గ్లాసుల ఉన్నయి నీళ్ళు," అనేవాడు. ఆ అలవాటు ఎంత ముదిరిందంటే, క్యాంటీన్‌లో తాగే నీళ్ళ గ్లాసును కూడా కళ్ళెదుటికి ఎత్తి, ఒక చూపు చూసి, అప్పుడు తాగేవాడు.

మెట్లు దిగి నేరుగా నా ల్యాబు కిటికీ దగ్గరికి వచ్చేవాడు. "నీళ్ళు మంచిగున్నయా బిడ్డా?" అని అడిగేవాడు. ప్రతి షిఫ్టులో, ప్రతిరోజూ. "మంచిగున్నయ్ కాకా," అంటే తల ఊపి పోయేవాడు. నా మాట మీద తిరిగి ప్రశ్న వేయలేదు ఎప్పుడూ. నీళ్ళు ఎన్ని ఉన్నాయో చూడడం తన పని, ఎలాంటివో చూడడం నా పని. ఆయన లెక్క అంతే.

నా పని ఏమిటో మీకు చెప్పాలి, లేకపోతే మిగతాది అర్థం కాదు. మన ఇళ్ళల్లో బోరు నీళ్ళు కాచే గిన్నె అడుగున తెల్లగా సున్నం పడుతుంది కదా. బాయిలర్ గొట్టాల్లో అదే పడితే ప్రాణాల మీదికి వస్తుంది. సున్నం పొర అడ్డం వచ్చి నీళ్ళు గొట్టాన్ని చల్లబరచలేవు, బయట మంట, గొట్టం మెత్తబడి పగులుతుంది. అందుకే బాయిలర్‌లోకి వెళ్ళే నీళ్ళలో ఆ సున్నం బొత్తిగా ఉండకూడదు. రెండు గంటలకోసారి నీళ్ళు పట్టి, అందులో చిటికెడు ఇండికేటర్ పొడి వేసి చూస్తాం. నీలంగా మారితే మంచి నీళ్ళు. ఎర్రగా మారితే చెడ్డవి. నీలం వస్తే పుస్తకంలో ఆ గంట గడిలో ‘నిల్’ అని, అంటే సున్నం ఏమీ లేదని రాస్తాం.

కాక పాటించే ఆనవాయితీ ఇంకొకటి ఉండేది. ఏడాదికోసారి బాయిలర్ ఆపి, కడిగి, మళ్ళీ వెలిగించే రోజున తలుపు మీద పసుపు రాసి కొబ్బరికాయ కొట్టేవాళ్ళు. మొదటి మంట మశాలుతో వేయాలి, అంటే కర్రకు గుడ్డ చుట్టి డీజిల్‌లో ముంచిన కాగడా. పెద్ద సార్లు ఫొటో కోసం ముందుకు వచ్చేవాళ్ళు. కాక మాత్రం మశాలును తీసుకెళ్ళి స్వీపరమ్మ చేతికో, బొగ్గు యార్డులో పనిచేసే మనిషి చేతికో ఇచ్చేవాడు. "ఏడాదంత దీని బూడిద ఎత్తేది వీండ్లు. నిప్పు వీండ్లే ఎయ్యాలె," అనేవాడు. సార్లకు నచ్చేది కాదు. ఫొటోలో వాళ్ళు పక్కకు నిలబడేవాళ్ళు.

ఇక నా సంగతి.

ఒక వానాకాలం ఇండికేటర్ పొడి అయిపోయింది. స్టోర్స్‌కు చీటీ రాశాను. రాలేదు. మళ్ళీ రాశాను. రేపంటారు, ఎల్లుండంటారు. పుస్తకంలో గడి ఖాళీగా ఉంటే పొద్దుటి మీటింగ్‌లో ప్లాంటు పెద్ద సారు అందరి ముందూ నిలబెట్టి తిడతాడు. పొడి లేదని చెబితే ముందే ఎందుకు చూసుకోలేదంటాడు. గడులు ఖాళీగా ఉండకుండా ‘నిల్’ రాసేయడం ఆ ఫ్యాక్టరీల బెల్టులో నేను కనిపెట్టిన విద్య కాదు. చాలామంది చేసేదే. రాబోయే గంటల గడులు కూడా ఒకేసారి నింపేసి భోజనానికి పోయేవాళ్ళను చూశాను. నేనూ రాశాను. ఒక రోజు రాశాక రెండో రోజు రాయడం తేలికైంది. అలా పదిహేను రోజులు. ఆ పదిహేను రోజులూ కాక కిటికీ దగ్గరికి వచ్చి అడుగుతూనే ఉన్నాడు. నేను "మంచిగున్నయ్ కాకా" అంటూనే ఉన్నాను.

పొడి వచ్చిన రోజు పరీక్ష చేస్తే నీళ్ళు ఎర్రగా మారాయి. మళ్ళీ చేశాను, మళ్ళీ ఎరుపే. నీళ్ళు శుద్ధి చేసే ట్యాంకును ఉప్పుతో కడిగించాను. సాయంత్రానికి నీలం వచ్చింది. గండం గడిచిందనుకున్నాను. ఎవరికీ చెప్పలేదు.

నెల తిరిగింది. ఒక పొద్దున మొదటి షిఫ్టు, టీ వేళ, బాయిలర్ లోపల ఏదో బండ పగిలినట్టు చప్పుడైంది. గొట్టం పేలింది. ఆవిరీ, కాలుతున్న బూడిదా కలిసి బొగ్గు పడే సందులోంచి బయటికి తన్నుకొచ్చాయి. ఆ సందు ముందు ఒడిశా నుంచి వచ్చిన కాంట్రాక్టు మనిషి తడి బొగ్గు ఇరుక్కుంటే పొడుస్తున్నాడు. కాక ముందు బాయిలర్ ట్రిప్ చేశాడు, అంటే మీట నొక్కి మంట ఆపేశాడు. తర్వాత తడిపిన గోనెసంచి నెత్తిన కప్పుకుని ఆ బూడిదలోకి పోయాడు. అతన్ని చంకల కింద పట్టుకుని ఈడ్చుకొచ్చాడు. అతని మెడ, కుడిచేయి మీద తోలు ఊడిపోయి ఉంది. "పానీ, పానీ" అంటున్నాడు. కట్లు కట్టించి కొన్నాళ్ళకు కాంట్రాక్టర్ అతన్ని రైలెక్కించాడు. అతని ఊరి పేరు కూడా మాలో ఎవరికీ తెలియదు. నాకు కూడా.

గొట్టం పేలితే మొట్టమొదట చూసేది ఆపరేటర్ వైపే. నీళ్ళు అడుగంటేదాకా చూడకపోతే కూడా గొట్టాలు అలాగే కాలుతాయి. పెద్ద సారు నా పుస్తకం తెప్పించుకున్నాడు. ప్రతి గడిలో ‘నిల్’ ఉంది. నీళ్ళలో లోపం లేదు కాబట్టి ఆపరేటర్ నీళ్ళు తక్కువ చేశాడని తేల్చారు. నా చేతిరాతే ఆయన మీద సాక్ష్యమైంది. పగిలిన గొట్టాన్ని పరీక్షకు పంపాలని, స్క్రీన్లలో పాత అంకెలు తీసి చూడాలని ఎవరూ అనలేదు. కారణం దొరికాక ఇంకా వెతకడం ఎందుకనుకున్నారు కాబోలు.

వెల్డర్లు గొట్టాలు కోస్తున్న రోజు కాక నన్ను బొగ్గు యార్డు వెనక్కి పిలిచాడు. జేబులోంచి జానెడు గొట్టం ముక్క తీసి నా చేతిలో పెట్టాడు. "లోపల సూడు," అన్నాడు. లోపల తెల్లగా, గోరు మందాన సున్నం.

"నీళ్ళు తక్కువైతె గిట్ల తెల్లగుండది బిడ్డా."

నేను ఏడ్చాను. పొడి సంగతి, గడుల సంగతి అంతా చెప్పాను. ఆయన తిట్టలేదు. తిడితే బాగుండేది.

"నేను జెప్తే, తప్పించుకునేతందుకు ఆడివిల్ల మీదికి తోసిండంటరు," అన్నాడు. "నువ్వే జెప్పాలె. నీ నోటితోనే రావాలె."

"చెప్తా కాకా," అన్నాను.

చెప్పలేదు. మా ఆయనకు అప్పుడు పని లేదు, ఇల్లు నా మీదే నడుస్తోంది, ఉద్యోగం పోతుందని భయపడ్డాను. ఇవన్నీ నిజాలే. కానీ ఒడ్డున కూర్చుని ఇప్పుడు చెప్పుకునే నిజాలు. ఆ రోజు నేను చేసింది పిరికితనం. ఇంకో పేరు లేదు.

మళ్ళీ బాయిలర్ వెలిగించే రోజు వచ్చింది. పసుపు రాశారు, కొబ్బరికాయ కొట్టారు. పెద్ద సారు, పక్క ప్లాంటు వాళ్ళు, అందరూ నిలబడ్డారు. కాక మశాలు ముట్టించి, స్వీపరమ్మను దాటి, యార్డు మనిషిని దాటి, వచ్చి నా చేతిలో పెట్టాడు. అందరి ముందూ అడిగాడు. "నీళ్ళు మంచిగున్నయా బిడ్డా?"

నిజం చెప్పడానికి నా కోసం తలుపు తెరిచి పట్టుకున్నాడాయన. నేను ఒక్క మాట అంటే చాలు, అక్కడే అయిపోయేది. మశాలు మీంచి డీజిల్ కారి నా చీర అంచు మీద పడుతోంది. "మంచిగున్నయ్ కాకా," అన్నాను. వంగి నిప్పు పెట్టాను. జనం చప్పట్లు కొట్టారు.

ఆ తర్వాత ఆయన నన్ను ఆ ప్రశ్న ఎప్పుడూ అడగలేదు. మరుసటి వారం ఆయనను బాయిలర్ మీంచి తీసి బూడిద వైపు వేశారు. బొగ్గు కాలగా మిగిలిన మెత్తటి బూడిద పెద్ద తొట్టిలో చేరుతుంది. దాన్ని ఇటుకలు చేసేవాళ్ళ లారీల్లోకి దించాలి. గొట్టం తెరిస్తే లారీ కనబడదు, మనిషి కనబడడు. మూతికి రుమాలు కట్టుకుని కాక అక్కడ రిటైరయ్యేదాకా పనిచేశాడు. సాయంత్రం బస్సు ఎక్కేటప్పుడు కనుబొమ్మలు కూడా తెల్లగా ఉండేవి. నన్ను చూస్తే పలకరించేవాడు. మా పాపకు జ్వరమంటే మందు పేరు అడిగేవాడు. చలికాలం ఊరి నుంచి సీతాఫలాలు తెచ్చి ల్యాబు కిటికీలో పెట్టి పోయేవాడు. వాటిని ఇంటికి తీసుకెళ్ళి పిల్లలకు పెట్టేదాన్ని. నేను ఒక్కటి కూడా తినలేకపోయాను.

నాకు తెలిసి ఇంట్లో ఆ సర్టిఫికెట్‌ను ఆయనే దించేశాడు. మేకు మాత్రం గోడకు అలాగే ఉంది.

తర్వాత బయటి కరెంటు నిలకడగా రావడం మొదలైంది. బొగ్గు కంటే అదే నయమని పవర్ హౌస్ ఆపేశారు. గ్యాస్ కట్టర్లు తెచ్చి ముక్కలుగా కోసి తుక్కు కింద లారీలకెత్తారు. ఆ సంగతి చెప్పడానికి వెళితే కాక ఒక్కటే అడిగాడు. "పైన గ్లాసు ఏం జేసిండ్రు?" పగిలిపోయిందన్నాను. అప్పటికే దగ్గు మొదలైంది. ఊపిరితిత్తుల నిండా దుమ్మేనని డాక్టరు చెప్పాడట.

మంచాన పడ్డాక మూడుసార్లు వెళ్ళాను. మూడుసార్లూ చిన్నమ్మకు నిజం చెప్పాలనే వెళ్ళాను. వానల గురించి, పిల్లల చదువుల గురించి మాట్లాడి వచ్చేశాను. కాక నా వైపు చూసేవాడు, తర్వాత గోడ మీది మేకు వైపు చూసేవాడు. మాట సాయం చేయలేదు. ఎందుకు చేయాలి?

పదకొండో దినం నాడు వెళ్ళాను. భోజనాలయ్యాయి, బంధువులు సర్దుకుంటున్నారు. లోపలి గదిలో స్టూలు మీద కాక ఫొటో, బంతిపూల దండ. దాని ముందు అగరుబత్తులు పొగలు కక్కుతున్నాయి. అవి గుచ్చి ఉన్నది జానెడు ఇనప గొట్టంలో. చూడగానే గుర్తుపట్టాను.

"పెట్టెల ఆయిన బట్టల కింద దొరికింది," అంది చిన్నమ్మ నా చూపు గమనించి. "ఏం గొట్టమో ఏమో. ఇన్నేండ్లు దాసుకున్నడంటె ఆయినకు పానమైంది ఉంటదని బియ్యం వోసి బత్తులు గుచ్చిన."

నేను కింద కూర్చుని చెప్పాను. పొడి, పదిహేను రోజులు, గడులు, మశాలు, అన్నీ. ఏదీ మింగలేదు. కొడుకు గడపలో నిలబడి విన్నాడు. అంతా అయ్యాక చిన్నమ్మ మెల్లగా అంది.

"నాతోని గూడ 'అవునే, నేనే సూసుకోలె' అన్నడు."

చాప అంచును వేలితో పీకింది.

"నేను గూడ అన్న బిడ్డా. గంత అనుభవముండి నీళ్ళు సూసుకోకపోతివి, బూడిదల వడితివి అని. దగ్గినప్పుడల్ల అన్న. పోయే ముందటి దినం గూడ అన్న." ఆమె ఫొటో వైపు తిరిగింది. "గిప్పుడు గీ మాట నేనెవలికి జెప్పాలె?"

క్షమించమని అడగడానికి నోరు రాలేదు, ఆమె క్షమిస్తాననీ అనలేదు. కొడుకు అటక మీంచి సర్టిఫికెట్ దించి, దుమ్ము తుడిచి పాత మేకుకే తగిలించాడు. నా వైపు చూడలేదు.

చిన్నమ్మ బత్తులు తీసి పక్కన పెట్టింది. గొట్టం ఎత్తితే బియ్యం కింది పళ్ళెంలోకి జారాయి. గొట్టాన్ని కిటికీ వెలుతురుకు ఎత్తి, కాక నీళ్ళ గ్లాసును చూసినట్టే, లోపలికి చూసింది. వేలు పెట్టి గీకింది. గోరు తెల్లబడింది. ఆ గోరును కాసేపు అలాగే చూసుకుని, మళ్ళీ గొట్టం నిలబెట్టి, బియ్యం పోసి, సగం కాలిన బత్తులు ఒక్కొక్కటే గుచ్చింది. నేను చెప్పులేసుకుని వెనక్కి చూసేసరికి ఆమె ఇంకా దాని ముందే కూర్చుని ఉంది. బత్తుల బూడిద రాలి గొట్టం అంచు మీద పడుతోంది. ఆమె దాన్ని కొంగుతో తుడుస్తోంది, మళ్ళీ పడుతోంది, మళ్ళీ తుడుస్తోంది.